బాణీ ఒకటే, పనితీరు రెండు

2003 జనవరిలో 'జిస్మ్' విడుదలైంది. సంగీతం ఎం.ఎం. క్రీమ్. అదే ఏడాది జులైలో 'సింహాద్రి' వచ్చింది. సంగీతం ఎం.ఎం. కీరవాణి. ఇద్దరూ ఒకరే. కానీ రెండు ఆల్బమ్‌లూ వరసగా వింటే ఒకే చేతి పని అని వెంటనే పోల్చుకోవడం కష్టం. హిందీ పాటల్లో గొంతు చుట్టూ బోలెడంత ఖాళీ, నెమ్మది నడక, వాద్యాలు అవసరమైనంత మేరకే. తెలుగులో స్టెప్పులకు సరిపడా దరువు, కోరస్, పల్లవికీ చరణానికీ మధ్య నిండైన ఇంటర్‌లూడ్‌లు.

రెండు సంస్కృతుల మధ్య పనిచేసే సంగీత దర్శకుడి ప్రస్తావన వస్తే చాలు, మన దగ్గర 'ఫ్యూజన్' అనో, 'ప్రాచ్య పాశ్చాత్య మేళవింపు' అనో ఒక మాట అనేసి ఊరుకుంటారు. ఆ మాటతో తెలిసేదేమీ లేదు. బాణీ సులువుగానే ఎల్లలు దాటుతుంది. అడ్డం పడేది మిగతాది: పని జరిగే క్రమం, క్లిక్ (వాయించేవాళ్ల చెవిలో వేగం చెప్పే టిక్‌టిక్), శ్రుతి, నొటేషన్, ఒప్పందం, పేరు. హైదరాబాద్‌లో కూర్చుని ముంబైకో బుడాపెస్ట్‌కో లాస్ ఏంజెలిస్‌కో పని పంపేవాళ్లకు ఇది రోజూ అనుభవమే.

కీరవాణి ప్రయాణమే దీనికి మంచి ఉదాహరణ. 1961లో కొవ్వూరులో పుట్టి, 1987 నుంచి చక్రవర్తి దగ్గర సహాయకుడిగా చేసి, 1990లో 'మనసు మమత'తో తెరకెక్కారు. 1991లో 'క్షణ క్షణం' నిలబెట్టింది. అదే ఏడాది కె. బాలచందర్ 'అళగన్'తో తమిళంలో మరగతమణి అయ్యారు. అప్పటికి తెలుగు పాటల రికార్డింగ్ ఎక్కువగా మద్రాసులోనే. ఒకే థియేటర్‌లో పొద్దున తెలుగు పాట, మధ్యాహ్నం తమిళ పాట, అవే వయొలిన్లు, అదే రికార్డిస్టు. అందుకే తెలుగు నుంచి తమిళానికో మలయాళానికో వెళ్లడం ఆ రోజుల్లో వేరే ఊరు వెళ్లినట్టు ఉండేది కాదు. మారేది గీత రచయిత, దర్శకుడి అభిరుచి, అంతే.

హిందీ అలా కాదు. మహేశ్ భట్ తీసిన ద్విభాషా చిత్రం 'క్రిమినల్' దారి వేసింది. తర్వాత 'ఇస్ రాత్ కీ సుబహ్ నహీఁ', 'జఖ్మ్', 'సుర్', 'జిస్మ్', 'సాయా', 'రోగ్' వచ్చాయి. ఈ జాబితాలో దాదాపు అన్నీ ఒకే వాతావరణానికి చెందిన సినిమాలు: తక్కువ పాత్రలు, చీకటి కథలు, డాన్స్ నంబర్ల కంటే మనసులోని మాట చెప్పే పాటలు. 1997 నాటి 'అన్నమయ్య'కు జాతీయ పురస్కారం అందుకున్న చేయే 1998లో 'జఖ్మ్' చేసింది. తెలుగులో భక్తి, మాస్, జానపదం, మెలోడీ అన్నీ ఒకే ఏడాదిలో చేసే వ్యక్తిని హిందీ సీమ ఒకే గదిలో కూర్చోబెట్టింది. ఆ గదిలో ఆయనకు పోటీ తక్కువ. కానీ గది చిన్నది.

దీన్ని వివక్ష అనుకోనక్కర్లేదు. బయటి సంగీత దర్శకుణ్ని ఏ పరిశ్రమైనా తన దగ్గర లేని సరుకు కోసమే పిలుస్తుంది. దక్షిణాదిలో ఉంటూ ముంబైకి పనిచేసే వ్యక్తి రోజూ సిట్టింగ్‌లకు అందుబాటులో ఉండలేడు. పిలిచినప్పుడు వెళ్లి, ఇవ్వాల్సింది ఇచ్చి రావాలి. పైగా గత పదిహేనేళ్లలో హిందీలో ఒకే సినిమాకు నలుగురైదుగురు తలో పాటా ఇవ్వడం మామూలైపోయింది. తెలుగులో ఇప్పటికీ ఎక్కువగా సినిమా మొత్తానికి ఒక్క సంగీత దర్శకుడే బాధ్యుడు. మొత్తం సినిమా రంగు తన చేతిలో ఉండాలనుకునే మనిషికి ఒక్క పాట కోసం పిలుపు పెద్దగా ఊరించదు.

ముందు పాట, తర్వాత సినిమా

తెలుగు సినిమాలో సంగీతం రెండు విడతల పని. మొదటి విడత షూటింగ్‌కు ముందే. దర్శకుడు సందర్భం చెబుతాడు, సిట్టింగ్‌లో ట్యూన్ కుదురుతుంది, తత్తకారంతోనో డమ్మీ లిరిక్స్‌తోనో రఫ్ పాడి పెడతారు, రచయిత దానిమీద రాస్తాడు. ట్రాక్ సింగర్ పాడిన వెర్షన్‌తో సెట్‌లో ప్లేబ్యాక్ నడుస్తుంది. ఫైనల్ గొంతు, లైవ్ వాద్యాలు తర్వాత చేరినా టెంపో మాత్రం ఆ రోజే శాసనం. సెట్‌లో ఏ వేగానికి అడుగులు పడ్డాయో, మిక్స్‌లో కూడా అదే వేగం ఉండాలి. రెండో విడత ఎడిటింగ్ అయ్యాక, ఆర్ఆర్ (రీ-రికార్డింగ్), అంటే నేపథ్య సంగీతం. రెండున్నర గంటల సినిమాకు గంటన్నర, ఒక్కోసారి రెండు గంటల నేపథ్య సంగీతం కావాలి. చేతిలో ఉండేది నెలో, నెలకు అటూ ఇటో. విడుదల తేదీ ముందే ప్రకటించి ఉంటుంది కాబట్టి ఆ తేదీ జరగదు, మన నిద్రే జరుగుతుంది. ఈ రెండు విడతలూ వేరు వేరు పనులన్నది జాతీయ అవార్డులు కూడా ఒప్పుకున్న సంగతే: 69వ పురస్కారాల్లో పాటలకు 'పుష్ప'తో దేవిశ్రీ ప్రసాద్‌కు, నేపథ్య సంగీతానికి 'ఆర్ఆర్ఆర్'తో కీరవాణికి ఇచ్చారు.

అమెరికా, బ్రిటన్ సినిమాల్లో సాధారణంగా మొదటి విడతే ఉండదు. ఎడిట్ ఒక కొలిక్కి వచ్చాక దర్శకుడు, సంగీత దర్శకుడు, మ్యూజిక్ ఎడిటర్ కూర్చుని సంగీతం ఎక్కడ మొదలై ఎక్కడ ఆగాలో సీన్ సీన్‌కూ రాసుకుంటారు. దీన్నే స్పాటింగ్ అంటారు. ప్రతి ముక్కకూ ఒక నంబరు ఉంటుంది. మూడో రీల్లో ఐదో ముక్క అయితే 3ఎం5. సినిమా పూర్తయ్యే దాకా ఆ ముక్కను అందరూ ఆ పేరుతోనే పిలుస్తారు. తెలుగు ఆర్ఆర్‌లో 'హీరో ఎంట్రీ తర్వాత బిట్', 'ఆ అమ్మ సెంటిమెంట్ దగ్గరిది' అంటే సరిపోతుంది, ఎందుకంటే అందరూ ఒకే గదిలో ఉంటారు. గది మారి పని మరో దేశానికి వెళ్లినప్పుడు ఆ పిలుపులు పనికిరావు. 'ఫైనల్', 'ఫైనల్ న్యూ', 'ఫైనల్ లాస్ట్' అని పేర్లు పెట్టిన ఫైళ్లు వేల మైళ్ల అవతల తెరుచుకున్నప్పుడు జరిగే గందరగోళం ఊహించుకోవచ్చు.

ఎడిట్ లాక్ కాకపోవడం రెండు చోట్లా ఉన్న జబ్బే, మన దగ్గర కాస్త ముదురు. గ్రాఫిక్స్ షాట్లు ఆలస్యంగా వచ్చేకొద్దీ కట్ మారుతుంది. సెకనుకు 24 ఫ్రేములు, టెంపో 120 అయితే ఒక బీట్ సరిగ్గా అర సెకను, అంటే 12 ఫ్రేములు. ఎడిటర్ 12 ఫ్రేములు తీసేస్తే ఒక బీట్ కోసి అతికించవచ్చు. 7 ఫ్రేములు తీస్తే బీట్ మధ్యలో పడుతుంది. అప్పుడు ఆ ముక్క టెంపో కొద్దిగా పెంచాలి, లేదా ఒక బార్‌ను (తాళంలో ఒక ఆవర్తాన్ని) విరిచి కట్టాలి. ప్రోగ్రామింగ్ దశలో ఇది పది నిమిషాల పని. ఆర్కెస్ట్రా వాయించేశాక అయితే దెబ్బ కనిపించకుండా కుట్టడం కష్టం. అందుకే ఏ రీలు నిజంగా లాక్ అయిందో ఎడిటర్‌తో రాతపూర్వకంగా తీసుకున్నాకే ఆర్కెస్ట్రా తేదీ ఖాయం చేయడం మంచిది.

ఫ్రేముల లెక్కలోనే ఇంకో గోతి ఉంది. మన థియేటర్ సినిమా 24 మీద నడుస్తుంది. అమెరికా టీవీ, కొన్ని ఓటీటీ పనులు 23.976 మీద నడుస్తాయి. తేడా వెయ్యింట ఒక వంతే. చెవికి శ్రుతి తేడా తెలియదు. కానీ 20 నిమిషాల రీలు చివరికి వచ్చేసరికి 1.2 సెకన్లు జారుతుంది. మొదట్లో చక్కగా కుదిరిన గొడ్డలి దెబ్బ చివర్లో గాలిలో పడుతుంది. లక్షణం చూస్తే రోగం తెలుస్తుంది: మొదట్లో సరిగ్గా ఉండి క్రమంగా జారుతుంటే ఫ్రేమ్ రేటు తప్పు, మొదటి నుంచీ ఒకే దూరంలో తప్పి ఉంటే ఫైలు మొదలైన చోటు తప్పు. రెండోదాన్ని పట్టడానికే రీలు మొదటి ఫ్రేముకు రెండు సెకన్ల ముందు ఒక్క ఫ్రేము పొడవున 'బీప్' పెడతారు.

తీన్మార్‌కు క్లిక్ ఎలా కట్టాలి

విదేశీ ఆర్కెస్ట్రాతో పని అనగానే పెద్ద బడ్జెట్ గుర్తుకొస్తుంది. నిజానికి మనవాళ్లు బుడాపెస్ట్, స్కోప్యే, ప్రాగ్ వైపు చూడటానికి ఒక కారణం అక్కడ లెక్క ఒక్కసారితో తేలిపోవడం. వాయించిన రోజు డబ్బు కట్టేస్తే తర్వాత ఆ సంగీతం ఎక్కడ వాడినా మళ్లీ అడగరు. లాస్ ఏంజెలిస్‌లో యూనియన్ ఒప్పందాల కింద చేస్తే తర్వాతి వాడకాలకు వాద్యకారులకు మళ్లీ చెల్లింపులు ఉంటాయి. మన నిర్మాతకు ఆ భాష మింగుడుపడదు. ఇళయరాజా 'హే రామ్' సంగీతానికి బుడాపెస్ట్ వెళ్లింది 2000 నాటికే. ఇప్పుడు వెళ్లనక్కర్లేదు. జూబ్లీహిల్స్‌లో కూర్చుని ఇంటర్నెట్ మీద వింటూ చేయించవచ్చు. బుడాపెస్ట్‌లో పొద్దున 10 గంటల సెషన్ మనకు వేసవిలో మధ్యాహ్నం 1.30కి, చలికాలంలో 2.30కి మొదలవుతుంది. వాళ్లు గడియారం మార్చే వారం మర్చిపోతే గంట సెషన్ గాలికి పోయినట్టే.

మామూలు కష్టం ఉన్న సంగీతమైతే గంటకు నాలుగైదు నిమిషాలు రికార్డవుతుంది. అంటే అరగంట నేపథ్య సంగీతానికి ఏడున్నర గంటల దాకా కావాలి. స్ట్రింగ్స్, బ్రాస్ విడివిడిగా వాయిస్తే మిక్స్‌లో సర్దుకోవడానికి వీలుంటుంది, సమయం మాత్రం దాదాపు రెట్టింపు. నలభై మంది స్ట్రింగ్స్ అంటే మొదటి వయొలిన్లు 12, రెండో వయొలిన్లు 10, వియోలాలు 8, చెల్లోలు 6, డబుల్ బాస్‌లు 4. బడ్జెట్ సగమైతే 24 మందితో వాయించి కింద శాంపిల్స్ (కంప్యూటర్‌లో ముందే రికార్డయి ఉన్న వాద్య శబ్దాలు) పెడతారు. విన్నవాళ్లకు తేడా తెలియకుండా ఉండాలంటే శాంపిల్స్ వెనక ఉండాలి, లైవ్ ముందు ఉండాలి. మన మిక్స్‌లలో చాలాసార్లు తలకిందులవుతుంది. డబ్బు పోసి వాయించిన లైవ్, శాంపిల్స్ మోత కింద పడి ఊపిరాడక పోతుంది.

ఇక అసలు చిక్కు లయ దగ్గర వస్తుంది. హైదరాబాద్ బారాత్‌లో, బోనాల్లో, గణేశ్ నిమజ్జనంలో వినిపించే తీన్మార్ నడక 6/8, అంటే బార్‌కు ఆరు కొట్టులు, రెండు అడుగులు. దీనికి తోడు నిజాం కాలంలో అరబ్బు, సిద్దీ (ఆఫ్రికా మూలాల) సైనికులతో వచ్చి పాతబస్తీ పెళ్లిళ్లలో స్థిరపడిన మర్ఫా దరువు ఉంది. తెలుగు మాస్ పాటకు ఈ నడక ప్రాణం. మన ప్రోగ్రామర్లు చాలామంది దీన్ని కంప్యూటర్‌లో 6/8గా కట్టరు. 4/4 ప్రాజెక్టు తెరిచి ప్రతి బీట్‌నూ మూడుగా విరిచి వాయిస్తారు. చెవికి తేడా లేదు. డప్పు వాళ్లకూ, గాయకుడికీ తేడా లేదు. అదే పాట ఆర్కెస్ట్రాకు వెళ్లినప్పుడు మొదలవుతుంది తిరకాసు.

నొటేషన్ రాసేవాడు దాన్ని చక్కగా 6/8లో రాస్తాడు, ఎందుకంటే వాయించేవాళ్లకు అదే సహజం. 4/4లో ఒక బార్ అంటే 6/8లో రెండు బార్‌లు. హైదరాబాద్ సెషన్‌లో 33వ బార్ అన్నది వాళ్ల కాగితం మీద 65వ బార్. ఇక్కణ్నుంచి 'ఫార్టీ నుంచి మళ్లీ' అంటే అక్కడ కండక్టర్ ఇంకెక్కడో మొదలుపెడతాడు. నలభై మంది కూర్చుని ఉండగా లెక్కలు సరిచూసుకోవడం ఖరీదైన వ్యవహారం.

క్లిక్‌లో ఇంకో పొరపాటు దాక్కుని ఉంటుంది. 6/8లో మనిషి అడుగు వేసేది బార్‌కు రెండుసార్లు. స్కోర్ మీద ఆ అడుగుకు 120 అని రాస్తారు. సాఫ్ట్‌వేర్ మాత్రం మామూలుగా టెంపోను క్రాచెట్ (పావు నోట్, అంటే ఆరు కొట్టుల్లో రెండు) లెక్కలో చూస్తుంది. ఒక అడుగంటే ఒకటిన్నర క్రాచెట్, కాబట్టి అదే వేగం అక్కడ 180గా కనిపిస్తుంది. ఎవరో 'స్కోర్‌లో 120 కదా' అని సాఫ్ట్‌వేర్‌లో 120 కొడితే పాట మూడింట రెండు వంతుల వేగానికి పడిపోతుంది. అది వెంటనే తెలిసిపోతుంది కాబట్టి ప్రమాదం తక్కువ. వేగం 180 సరిగ్గానే ఉంచి క్లిక్‌ను క్రాచెట్ మీద వదిలేస్తే అసలు ప్రమాదం: బార్‌కు రెండు అడుగుల చోట మూడు క్లిక్‌లు వినిపిస్తాయి. వాయించేవాళ్లు 3/4 అనుకుని ఆడుతూ పాడుతూ వాయించేస్తారు, నోట్లు అన్నీ సరైన చోటే పడతాయి, కానీ ఒత్తు తప్పు చోట పడుతుంది. తీన్మార్ కాస్తా వాల్ట్జ్ (మూడు అడుగుల యూరప్ నాట్యం) అయి కూర్చుంటుంది. ఏం తప్పిందో ఎవరికీ చెప్పడం రాదు, 'ఊపు లేదు' అంటారు.

మందు తేలికే. ప్రాజెక్టును మొదటి రోజే 6/8లో కట్టాలి. క్లిక్‌ను అడుగు మీద పెట్టి, ఆరు విడి కొట్టులు సన్నగా కింద వినిపించే రెండో క్లిక్ ఫైలు కూడా పంపాలి. ముందు రెండు ఖాళీ బార్‌లు ఇవ్వాలి. డప్పు ట్రాక్‌ను వాళ్ల హెడ్‌ఫోన్‌లలోకి తప్పనిసరిగా పంపాలి. క్లిక్ వేగం చెబుతుందే తప్ప ఒత్తు చెప్పదు. పంపే పొట్లంలో ఉండాల్సిన మిగతావి: ఫుల్ స్కోర్, విడి పార్ట్‌లు, శాంపిల్ స్ట్రింగ్స్ లేని గైడ్ మిక్స్, ఆ స్ట్రింగ్స్ మాత్రమే ఉన్న మరో ఫైలు, గొంతు గైడ్, టెంపో మ్యాప్ (ఎక్కడ ఏ వేగమో చెప్పే ఫైలు). అన్నీ 48 కిలోహెర్ట్జ్, 24 బిట్, అన్నీ ఒకే సున్నా నుంచి మొదలవ్వాలి. పార్ట్‌లలో పేజీ తిప్పే చోట విరామం ఉండేట్టు చూడాలి. లేకపోతే సున్నితమైన చోట నలభై కాగితాలు ఒకేసారి గలగలమంటాయి.

కీబోర్డ్ మీద పుట్టిన స్ట్రింగ్స్ మనుషుల చేతికి అలాగే పోవు. రెండు చేతులా పట్టిన ఎనిమిది నోట్ల కార్డ్‌ను ఐదు పార్ట్‌లకు పంచాలి. వయొలిన్ మంద్ర స్థాయిలో కింది జి దగ్గర ఆగిపోతుంది, అంతకంటే కిందికి శాంపిల్ దిగినా వాద్యం దిగదు. ఫ్రెంచ్ హార్న్ శాంపిల్ పదహారు బార్‌లు ఏకబిగిన మోగుతుంది. మనిషికి ఊపిరి కావాలి. ఇవన్నీ సరిచేసే ఆర్కెస్ట్రేటర్ ఖర్చును మిగుల్చుకుందామని చూసినవాళ్లు దానికి రెట్టింపు సెషన్ సమయంలో పోగొట్టుకుంటారు.

గమకం ఎవరికి, నిలకడ ఎవరికి

మన నాదస్వరం, వీణ, వేణువు వాద్యకారులకు స్వరం నోటితో చెబితే చాలు, రాగం తెలుసు కాబట్టి మధ్యలో ఉండాల్సినవి వాళ్లే నింపుకుంటారు. యూరప్ ఆర్కెస్ట్రా కాగితం మీద ఉన్నది మాత్రమే వాయిస్తుంది, మొదటిసారి చూసి తప్పు లేకుండా వాయిస్తుంది. రెండూ గొప్ప విద్యలే. ఒకదాన్నుంచి రెండోదాని పని రాబట్టాలని చూడటం దగ్గరే చెడుతుంది.

తోడిలో గాంధారం ఒక చోట నిలబడే స్వరం కాదు, ఊగుతూ ఉంటేనే అది గాంధారం. పన్నెండు మంది వయొలిన్ వాళ్లు ఒకే ఊపు ఊగలేరు. పన్నెండు రకాల ఊపు కలిస్తే వినిపించేది శ్రుతి తప్పిన గుంపు. గ్రేస్ నోట్లు, జారుళ్లు రాసి కొంత దగ్గరకు తేవచ్చు గానీ అది తోడి అనిపించదు. అందుకే ఆర్కెస్ట్రా కోసం రాసేవాళ్లు సాధారణంగా వాళ్ల స్కేళ్లకు సరిపోయే రాగాల వైపు మొగ్గుతారు: శంకరాభరణం అంటే వాళ్ల మేజర్, నఠభైరవి అంటే సహజ మైనర్, కీరవాణి అంటే హార్మోనిక్ మైనర్, ఖరహరప్రియ అంటే డోరియన్. మోహనం, హంసధ్వని, హిందోళం లాంటివి గమకం (స్వరాన్ని ఊపే తీరు) తగ్గించినా పోలిక చెడవు. ఇది రాజీ కాదా అంటే రాజీయే. దానికంటే మంచి దారి పని పంచడం. గమకం ఉన్న గీత సోలో వాద్యానికో గొంతుకో ఇచ్చి ఇక్కడే రికార్డ్ చేయాలి. ఆర్కెస్ట్రాకు కింద నిలకడగా నిలిచే స్వరాలు, గొంతు ఆగిన చోట పలికే ఎదురు గీత ఇవ్వాలి. గొంతు పాడే బాణీనే వయొలిన్లన్నీ వెంటాడి వాయించిన చోట తెలుగు పాట చదునైపోవడం ఎన్నో పాటల్లో వినవచ్చు.

శ్రుతి కూడా ముందే తేలాలి. మన గాయకుడు 'ఒకటిన్నర'లో హాయిగా పాడతాడు. అది సీ షార్ప్. ఆ శ్రుతిలో మేజర్ స్కేల్ రాస్తే కాగితం మీద ఏడు షార్ప్‌లు. డీ ఫ్లాట్‌గా రాస్తే ఐదు ఫ్లాట్‌లతో పోతుంది, కానీ వయొలిన్‌కు ఖాళీ తంత్రుల మెరుపు దొరకదు. అర మెట్టు పెంచి 'రెండు'లో (డీ) పాడగలిగితే అదే స్ట్రింగ్స్ కళకళలాడతాయి. ఈ ముక్క గాయకుణ్ని అడగాల్సింది సిట్టింగ్‌లో, సెట్‌లో ప్లేబ్యాక్ నడిచాక కాదు. ఇంకొకటి: యూరప్‌లో చాలా ఆర్కెస్ట్రాలకు ఎ స్వరాన్ని 442 హెర్ట్జ్ మీద శ్రుతి చేసుకునే అలవాటు. మన కంప్యూటర్ ట్రాకులు 440 మీద ఉంటాయి. తేడా ఎనిమిది సెంట్ల దాకా ఉంటుంది, అర మెట్టులో పన్నెండో వంతు కూడా కాదు, కానీ నాదస్వరంతో కలిపి పెట్టినప్పుడు చెవిలో గరగర మొదలవుతుంది. నాదస్వరం శ్రుతి దాని పొడవులోనే ఉంటుంది కాబట్టి దాన్ని పెద్దగా జరపలేం. '440' అని స్కోర్ మొదటి పేజీ మీదే రాసి పంపడం ఉత్తమం.

మారకుండా దాటిన పాట

హిందీలో తనను తాను మార్చుకుని రాణించిన సంగీత దర్శకుడికి ప్రపంచ గుర్తింపు ఏమాత్రం మార్చుకోని పాటతో రావడం ఆసక్తికరమైన విషయం. 'ఆర్ఆర్ఆర్'లోని 'నాటు నాటు' నడక 6/8, మాటలు పొలం గట్టు మీదివి, గొంతులు రాహుల్ సిప్లిగంజ్, కాలభైరవలవి. 2023 జనవరి 10న గోల్డెన్ గ్లోబ్, మార్చి 12న ఆస్కార్. భారతీయ నిర్మాణంలోని పాటకు ఆస్కార్ రావడం అదే మొదటిసారి. 2009లో ఎ.ఆర్. రెహమాన్‌కు తెచ్చిపెట్టినది బ్రిటిష్ సినిమా.

ఈ పాట దాటడానికి బాణీ ఒక్కటే కారణం కాదు. కథలోనే అవతలి సంస్కృతి ఎదురుగా నిలబడి ఉంది. తెల్లదొర వాళ్ల నాట్యాలు చూపించి ఎగతాళి చేస్తాడు, వీళ్లు తమది చూపిస్తారు, చివరికి ఆ గుంపంతా వీళ్ల అడుగు వేస్తుంది. తెలుగు రాని ప్రేక్షకుడికి తన తరఫు మనిషి తెర మీదే ఉన్నాడు, ఆ మనిషి ఓడిపోయి గంతులేస్తున్నాడు. ఆపైన అర్థం చేసుకోవాల్సింది పెద్దగా లేదు. గీత రచయిత చంద్రబోస్ చెప్పిన ప్రకారం పాటలో తొంభై శాతం అర రోజులో వచ్చింది, మిగతా పది శాతానికి 19 నెలలు పట్టింది. డబ్బింగ్‌లో ఇది హిందీలో 'నాచో నాచో', తమిళంలో 'నాట్టు కూత్తు', మలయాళంలో 'కరింతోళ్' అయింది. తెలుగు మాట అచ్చుతో ముగుస్తుంది కాబట్టి పాదం చివర ఒక స్వరం ఎక్కువ పలుకుతుంది. హిందీ మాట తరచూ హల్లుతో తెగిపోతుంది. అడుగు పడే చోట అచ్చు ఉండాలంటే హిందీ రచయిత మాటల్ని వెతుక్కోవాలి. 'నాచో' ఆ చోట చక్కగా కూర్చుంది.

ఇక నిబంధనల సంగతి. సినిమాను భారత్ అధికారిక ఎంట్రీగా పంపలేదు. సాధారణ విభాగాల్లో పోటీకి వెళ్లాలంటే అమెరికాలో నిర్దేశించిన ఆరు నగర ప్రాంతాల్లో ఎక్కడైనా థియేటర్‌లో వరసగా ఏడు రోజులు ఆడి ఉండాలి. పాట మాటలతో సహా ఆ సినిమా కోసమే కొత్తగా రాసినదై ఉండాలి, కథ నడుస్తుండగానో, ముగింపు టైటిల్స్‌లో మొట్టమొదటి సంగీతంగానో స్పష్టంగా వినిపించాలి. ప్రతిమ దక్కేది సంగీత దర్శకుడికీ గీత రచయితకూ మాత్రమే. గాయకులకూ, నృత్య దర్శకుడికీ ఆ పట్టికలో చోటు లేదు. మన దగ్గర చాలామంది దీన్ని అన్యాయం అన్నారు గానీ ఆ పురస్కారం పేరే రచనకు ఇచ్చేది. వేదిక మీద కీరవాణి తాను అమెరికన్ పాప్ బృందం కార్పెంటర్స్ పాటలు వింటూ పెరిగానని చెప్పి వాళ్ల బాణీలోనే కృతజ్ఞతలు పాడారు. కొవ్వూరు కుర్రాడి చెవిలోకి అవతలి సంస్కృతి చాలా ముందే చేరిందన్నమాట. రాకపోకలు ఎప్పుడూ రెండు వైపులా ఉన్నాయి, రశీదులు మాత్రం ఒక వైపే దొరుకుతుంటాయి.

పేరు, వాటా, క్యూ షీట్

రశీదుల విషయం నిజంగానే కెరీర్ సగం. అమెరికా స్టూడియో పని సాధారణంగా 'వర్క్ ఫర్ హైర్': చట్టం దృష్టిలో రచయిత స్టూడియోనే. అయినా ప్రదర్శన రాయల్టీలో రచయిత వాటా అనే సగం సంగీత దర్శకుడికి విడిగా వస్తుంది. మన దేశంలో 2012 కాపీరైట్ సవరణ తర్వాత సంగీత దర్శకుడూ గీత రచయితా రాయల్టీలో తమ వాటాను నిర్మాతకో ఆడియో కంపెనీకో రాసిచ్చినా చెల్లదు. వారసులకో కాపీరైట్ సొసైటీకో తప్ప బదిలీ చేయడం కుదరదు. ఆ చట్టమే ఒక మినహాయింపు పెట్టింది: సినిమా హాల్లో సినిమాతో పాటు వినిపించినప్పుడు రాయల్టీ లేదు. అమెరికాలో కూడా థియేటర్లు కట్టవు, అక్కడ 1948 నాటి కోర్టు తీర్పు ఫలితం అది. బ్రిటన్, ఫ్రాన్స్ లాంటి దేశాల్లో థియేటర్లు కడతాయి. కాబట్టి హైదరాబాద్ సంగీత దర్శకుడి సినిమా డల్లాస్‌లో హౌస్‌ఫుల్ అయితే రాయల్టీ సున్నా, లండన్‌లో సగం నిండినా ఎంతో కొంత రావాలి.

'రావాలి' అన్నదానికీ 'వచ్చింది' అన్నదానికీ మధ్య ఉండేది క్యూ షీట్. ప్రతి సంగీత ముక్క పేరు, నిడివి, తెర మీద వినిపించిందా వెనక వినిపించిందా, గొంతు ఉందా లేదా, ఎవరు రాశారు, ఎవరికి ఎంత శాతం, ఏ సొసైటీ సభ్యులు అన్నది అందులో ఉంటుంది. సంగీత దర్శకుల, గీత రచయితల రాయల్టీలు వసూలు చేసే మన సొసైటీ ఐపీఆర్ఎస్‌కు విదేశీ సొసైటీలతో పరస్పర ఒప్పందాలు ఉన్నాయి, కానీ అక్కడ డబ్బు పంచేది క్యూ షీట్ చూసే. తెలుగు నిర్మాణ సంస్థల్లో దీన్ని నింపే బాధ్యత ఎవరిదో చాలాసార్లు ఎవరికీ తెలియదు. ఓటీటీకి డెలివరీ గడువు మీద పడ్డప్పుడు ఆఫీసులో ఎవరో కూర్చుని 'బీజీఎం 1, బీజీఎం 2' అని నింపేస్తారు. ఆ పేర్లతో ఏ సొసైటీలోనూ ఏ రచనా నమోదై ఉండదు కాబట్టి డబ్బు పంచకుండా ఆగిపోతుంది. ఆర్ఆర్ జరుగుతున్నప్పుడే 3ఎం5 పద్ధతిలో నంబర్లు వేసుకున్నవాళ్లకు ఇది గంటన్నర పని.

రెండు మూడు పేర్లతో పనిచేసేవాళ్లు ఇంకొకటి చూసుకోవాలి. అంతర్జాతీయంగా ప్రతి రచయితకూ ఐపీఐ అనే సంఖ్య ఉంటుంది. మారుపేరుకు వేరే సంఖ్య ఇస్తారు, కానీ అన్నీ ఒకే మూల సంఖ్యకు కట్టి ఉంటాయి. అలా కట్టాలంటే సొసైటీకి ఆ పేర్లన్నీ చెప్పి నమోదు చేయించాలి. చెప్పకపోతే తమిళ పేరుతో వచ్చిన పాటా, హిందీ పేరుతో వచ్చిన పాటా సొసైటీ లెక్కల్లో వేరే మనుషులవి. స్ట్రీమింగ్ యాప్‌లలో ఇది అందరికీ కనిపించే బాధే: ఒకే మనిషికి మూడు పేజీలు, మూడు ఫోటోలు, ఒక పేజీలో ఇంకెవరివో పాటలు. యాప్‌లో పేజీలు కలపాలంటే ఆడియో కంపెనీనో, పాటలు ఎక్కించిన డిస్ట్రిబ్యూటర్‌నో అడిగి పెట్టించాలి, సంగీత దర్శకుడు నేరుగా చేయగలిగేది తక్కువ. సొసైటీ నమోదు మాత్రం సొంత చేతిలో పని. కొత్త పేరుతో మొదటి పాట విడుదల కాకముందే చేయించుకుంటే, తర్వాత వెనక్కి వెళ్లి ఒక్కో పాటా ఎవరిదో రుజువు చేసుకునే పరిస్థితి రాదు.